ఫాల్‌అవుట్ షెల్టర్‌లో జనాభా 27 దగ్గర ఆగిపోయిందా? ముందు కరెంటు సంగతి చూడండి

మీరు అడిగింది ఇదీ: ఫాల్‌అవుట్ షెల్టర్ గేమ్‌లో మీ వాల్ట్‌లో (భూమి కింద జనాన్ని పెట్టి మనం నడిపే ఆశ్రయం) 27 మంది దగ్గర మూడు వారాలుగా ఆగిపోయారు. జనాన్ని పెంచబోయినప్పుడల్లా కరెంటు చాలక గదులు ఆరిపోతున్నాయి, ఆ వెనకే నీళ్లు తగ్గిపోతున్నాయి, ఒకరిద్దరు చచ్చిపోయి లెక్క మళ్లీ 25కి వస్తోంది. బయటి మనుషుల్ని రప్పించే రేడియో స్టూడియో పెట్టాలా, లివింగ్ క్వార్టర్స్ (పడకగదులు) ఇంకోటి కట్టాలా, డబ్బులు పెట్టి లంచ్‌బాక్సులు (బహుమతుల పెట్టెలు) కొనాలా అని అడిగారు.

ఇప్పటికైతే మూడూ వద్దు. ముందు పవర్ జనరేటర్‌ని మూడు గదుల వెడల్పు చేసి, బలం ఎక్కువున్న ఆరుగురిని అందులో వేయండి. ఆ తర్వాత ఒకేసారి ముగ్గురు నలుగురికి మించి గర్భవతులు లేకుండా, బ్యాచీలుగా పెంచండి. జనాభా పెరిగేది పడకగదిలో అనుకుంటాం కానీ, ఈ గేమ్‌లో దాన్ని పట్టి ఆపేది ఎప్పుడూ కరెంటు గదే.

ఎందుకో ఒక చిన్న లెక్క చూడండి. గర్భం 3 గంటలు, పుట్టిన పిల్ల పెద్దవడానికి ఇంకో 3 గంటలు, అంటే ఆరు గంటల్లో ఒక పనిమనిషి చేతికొస్తుంది. రోజుకి రెండు విడతలు, విడతకి నలుగురు చొప్పున వేసుకున్నా రోజుకి ఎనిమిది మంది. 27 నుంచి 200కి (గేమ్‌లో అదే గరిష్ఠం) ఇంకా 173 మంది కావాలి, అంటే మూడు వారాల పని. మీరు ఆగిపోయింది కూడా మూడు వారాలే! పుట్టడం ఎప్పుడూ ఆలస్యం కాదు, పుట్టినవాళ్లని పోషించడమే కుదరట్లేదు. పిల్లలు పని చేయరు కానీ తింటారు, తాగుతారు. ఒకేసారి పదిమందిని పుట్టిస్తే మూడు గంటలపాటు పది నోళ్లు ఎక్కువ, చేతులు మాత్రం పాతవే.

ఇది నేను పుస్తకం చదివి చెప్తున్నది కాదు. 2015 ఆగస్టులో ఆండ్రాయిడ్‌కి వచ్చిన వారంలోనే మొదలుపెట్టాను (ఐఫోన్ వాళ్లకి జూన్‌లోనే వచ్చింది, ఆ రెండు నెలలు ఫ్రెండ్ ఫోన్‌లో చూస్తూ కుళ్లుకున్నాను). ఇప్పటికి నాలుగు వాల్టులు. మొదటి రెండూ నాశనం చేసుకున్నాను. మూడోది 200 చేరింది. నాలుగోది సర్వైవల్ మోడ్, దాని గురించి చివర్లో చెప్తా.

మొదటి వాల్ట్ ఎలా పోయిందో చెప్తే మీ పరిస్థితి మీకే అర్థమవుతుంది. ఒక ఆదివారం సాయంత్రం ఉత్సాహం ఎక్కువై, ఉన్న ఆడవాళ్లందర్నీ వరసగా లివింగ్ క్వార్టర్స్‌లో వేసి బయటికి తీశాను. పదకొండు మంది, అందరూ ఆ పసుపు స్వెటర్లలో. చూడముచ్చటగా ఉంది, స్క్రీన్‌షాట్ కూడా తీసుకున్నాను. పది నిమిషాల్లో డైనర్‌లో (తిండి తయారయ్యే గది) రాడ్‌రోచ్‌లు, అంటే పెద్ద బొద్దింకలు, పడ్డాయి. నాకు అప్పటిదాకా తెలియని సంగతి ఏంటంటే, గర్భవతులు పోరాడరు, ప్రమాదం రాగానే చేతులు పైకెత్తి గది వదిలి పరుగెడతారు. వాళ్లకి దెబ్బ తగలదు, నిజమే, కానీ డైనర్‌లో ఉన్న నలుగురూ గర్భవతులే. గది ఖాళీ. పురుగులు పక్క గదికి పాకాయి, అక్కడ ఇద్దరు ఆడవాళ్లు, ఒక మగవాడు. ఆడవాళ్లు పరుగో పరుగు. ఆ మగవాడు ఒట్టి చేతులతో ఎంతసేపు నిలబడతాడు? పోయాడు. డైనర్ ఆగిపోయింది, తిండి తగ్గింది, అందరి ఆరోగ్యం తగ్గుతూ వచ్చింది, సరిగ్గా అప్పుడే పిల్లలు పుట్టడం మొదలైంది. క్యాప్స్ (గేమ్‌లో డబ్బులు) అన్నీ చచ్చినవాళ్లని బతికించడానికే అయిపోయాయి, ఒక కొత్త గది కట్టడానికి కూడా మిగల్లేదు. వారం తర్వాత ఆ వాల్ట్‌ని డిలీట్ చేశాను.

అందుకే ఇప్పుడు నా పద్ధతి ఒకటే: ఏ గదిలోనూ సగానికి మించి గర్భవతులు ఉండకూడదు. ఆరుగురి గదిలో ఇద్దరుంటే ఫరవాలేదు, ముగ్గురు హద్దు. వాళ్లు మామూలుగా పని చేస్తారు, ఉత్పత్తి ఏమీ తగ్గదు. పోరాటానికే లెక్కలోకి రారు. బయటికి, అదే వేస్ట్‌ల్యాండ్‌కి కూడా పంపలేం.

ఇప్పుడు కరెంటు. మీరు రాసినదాన్ని బట్టి మీకు విడివిడిగా నాలుగు పవర్ జనరేటర్లు ఉన్నాయి, రెండు లిఫ్ట్‌కి అటు, రెండు ఇటు. అది తప్పు కాదు కానీ దండగ. ఒకే రకం గదులు, ఒకే లెవెల్‌లో ఉన్నవి, పక్కపక్కన కడితే మూడు దాకా కలిసిపోతాయి. మూడు కలిసిన గదిని అప్‌గ్రేడ్ చేయడం, విడిగా మూడింటిని చేయడం కన్నా చవక, దిగుబడి కూడా ఎక్కువ. విడిగా ఉన్నవాటిని ఒక్కొక్కటిగా పడగొట్టి కలిపి కట్టుకోండి, అన్నీ ఒకేసారి పడగొట్టారంటే ఆ పది నిమిషాల్లోనే వాల్ట్ చీకటైపోతుంది. ముందు కొత్తది, తర్వాత పాతది తీసేయడం.

ప్రతి మనిషికీ కొన్ని గుణాల అంకెలుంటాయి, ఒక్కో గదికి ఒక్కో గుణం కావాలి: పవర్‌కి బలం, నీళ్లకి పర్సెప్షన్, డైనర్‌కి ఎజిలిటీ, మందుల గదులైన మెడ్‌బేకీ సైన్స్ ల్యాబ్‌కీ ఇంటెలిజెన్స్. ఇది మీకు తెలిసే ఉంటుంది. కానీ తెలిసీ చాలామంది చేయని పని ఒకటుంది: కొత్తగా పెద్దయిన పిల్లవాడిని ఖాళీ ఎక్కడుంటే అక్కడ పడేస్తారు. వాడి అంకెలు ఒక్కసారి చూసి వేయండి, బలం 4 ఉన్నవాడిని డైనర్‌లో వేసి, బలం 1 ఉన్నవాడిని జనరేటర్‌లో ఉంచుకుంటే కరెంటు ఎక్కడి నుంచి వస్తుంది. జనాన్ని పెంచకుండా, ఉన్న 27 మందినే సర్ది కూర్చోబెడితే మీ కొరతలో చాలా భాగం ఇవాళే తీరుతుందని నా నమ్మకం. బట్టలు కూడా అంతే. బలం పెంచే డ్రెస్ ఏదైనా స్టోరేజీలో మూలుగుతుంటే జనరేటర్ వాళ్లకి తొడగండి.

కరెంటు చాలనప్పుడు ఏ గది ఆరిపోతుందనేది కూడా గుడ్డిగా జరగదు. జనరేటర్‌కి దూరంగా ఉన్నవి ముందు ఆరిపోతాయి. మీ నీళ్ల గది అన్నిటికన్నా కింద ఉందన్నారు చూశారా, అందుకే ప్రతిసారీ ముందు దెబ్బ దానికే. నీళ్లు తగ్గితే రేడియేషన్, తిండి తగ్గితే ఆరోగ్యం. జనరేటర్ పక్కనో కిందో నీళ్లు, డైనర్ ఉండాలి. అట్టడుగున లివింగ్ క్వార్టర్స్, స్టోరేజ్ పెట్టుకోండి. వాటికి కరెంటు పోయినా మీకొచ్చే నష్టం లేదు, పడుకునే గదికి దీపం లేకపోతే ఏమైంది.

ఇంకో జాగ్రత్త. లివింగ్ క్వార్టర్స్‌ని ఒకసారి జనంతో నింపాక దాన్ని పడగొట్టనివ్వదు గేమ్, ఎందుకంటే అందులో లెక్క ఉన్న జనానికి చోటు చూపించాలి. నా రెండో వాల్ట్‌లో మొదటి అంతస్తులో, తలుపు పక్కనే, మంచి చోటంతా పడకగదులకి ఇచ్చేసి తర్వాత నెత్తి కొట్టుకున్నాను. తలుపు పక్కన ఉండాల్సింది తుపాకులు పట్టుకున్నవాళ్ల గది.

చోటు లెక్క: లెవెల్ 1లో ఒక్క గదికి 8 మంది. మూడు కలిపి, లెవెల్ 3కి తీసుకెళ్తే 40 మంది. అంటే అలాంటివి ఐదు ఉంటే 200కి సరిపోతాయి, ఆరోది కట్టే పనే లేదు. చాలామంది ఎనిమిదీ తొమ్మిదీ కట్టి చోటంతా తగలేస్తారు. చోటు లేకపోతే ప్రసవం అలా ఆగి ఉంటుంది, తల్లి గర్భవతిగానే తిరుగుతుంటుంది, ఏమీ కాదు. చోటు కల్పించాక పుడుతుంది. కాబట్టి లివింగ్ క్వార్టర్స్ అప్‌గ్రేడ్‌ని ఒక తాళంలా వాడుకోవచ్చు. తిండీ నీళ్లూ మిగులుతున్నాయి అనిపించినప్పుడే తాళం తీయండి.

జంటల విషయానికొస్తే, కరిష్మా (ఆకర్షణ, ఇంకో గుణం) ఎక్కువున్నవాళ్లు త్వరగా కలుస్తారు. తక్కువున్నవాళ్లు పెళ్లిచూపుల్లో కూర్చున్నట్టు వాతావరణం గురించి మాట్లాడుకుంటూ చాలాసేపు నిలబడతారు. ఒక మంచి నైట్‌వేర్ లాంటి కరిష్మా డ్రెస్ ఒకటి మగవాడికి, ఒకటి ఆడమనిషికి ఉంచుకుని, వంతులవారీగా తొడిగితే చాలు, అందరికీ అక్కర్లేదు. ఇంకో లాభం ఏంటంటే ఆ డాన్స్ అయ్యాక ఇద్దరి సంతోషం నేరుగా 100కి చేరుతుంది.

కానీ ఇక్కడే నా రెండో వాల్ట్ దెబ్బతింది. కరిష్మా ఎక్కువున్న కుర్రాడు ఒకడు దొరికాడు, వాడిని శాశ్వతంగా లివింగ్ క్వార్టర్స్‌లో ఉంచేసి, ఆడవాళ్లని మార్చి మార్చి పంపాను. రెండు రోజుల్లో ఇరవై దాకా పిల్లలు. భలే ఉంది అనుకున్నాను. వాళ్లు పెద్దయ్యాక వాళ్లలో వాళ్లని జత చేద్దామని చూస్తే ఒక్క జంటా కలవదు, కుటుంబం గురించి మాట్లాడుకుంటూ నిలబడతారు అంతే. అప్పుడు వెలిగింది, వాళ్లందరికీ తండ్రి ఒకడే. ఈ గేమ్ వావి వరసలు చూస్తుంది. తల్లీ కొడుకులు, తండ్రీ కూతుళ్లు, అన్నాచెల్లెళ్లు సరే, తల్లి వేరై తండ్రి ఒకడైనా కలవనివ్వదు.

దీనికి నేను చేసే చిట్కా చాలా సింపుల్. డ్వెల్లర్ (వాల్ట్‌లో ఉండే మనిషి) పేరు మార్చుకోనిస్తుంది కదా, పిల్ల పుట్టగానే తండ్రి గుర్తుగా ఒక ఇంటిపేరు పెట్టేస్తాను. నలుగురు తండ్రులు, నాలుగు ఇంటిపేర్లు. నా మూడో వాల్ట్‌లో అలా కంచర్ల వాళ్లు, గుత్తి వాళ్లు, పాలెం వాళ్లు, నేతి వాళ్లు ఉండేవాళ్లు. తర్వాత తరానికి ఇంటిపేరు వేరైతే చాలావరకు దిగుల్లేదు, తల్లి ఒకతే అయిన సందర్భం మాత్రం గుర్తుపెట్టుకోవాలి. ఇంటిపేరు చూసి సంబంధం కలపడం మనకి ఎవరూ నేర్పక్కర్లేదు కదా. నా చెల్లెలు ఆ లిస్టు చూసి, నువ్వు గేమ్ ఆడుతున్నావా మ్యారేజ్ బ్యూరో నడుపుతున్నావా అంది.

రేడియో స్టూడియో అసలు పనికొచ్చేది కూడా ఈ వరసల చిక్కు వచ్చినప్పుడే. 20 మంది కాగానే అది తెరుచుకుంటుంది, అందరూ వెంటనే కట్టేస్తారు. దానికి కరెంటు కావాలి, కరిష్మా ఉన్న మనుషులు కావాలి, ఒక మనిషి రావడానికి పట్టే సమయంలో మీ లివింగ్ క్వార్టర్స్‌లో నలుగురు పుడతారు. జనాన్ని పెంచే యంత్రంగా చూస్తే అది దండగ. బయటి మనిషిని, అంటే ఎవరికీ చుట్టం కానివాణ్ణి తెచ్చే దారిగా చూస్తే మంచిదే. నేను 45 మంది దాటాక కట్టాను, అదీ ఒక్క గదే.

ఎక్కడ ఆగాలి అన్నది దీనికన్నా ముఖ్యం. జనం పెరిగితే కొత్త గదులు తెరుచుకుంటాయి, అందుకే అందరికీ తొందర. కానీ జనంతోపాటు శత్రువులూ పెరుగుతారు. 60 దాటితే డెత్‌క్లాలు అనే భయంకరమైన జంతువులు వస్తాయి. తలుపు బద్దలుకొట్టుకుని లోపలికొచ్చి, గది తర్వాత గది చీల్చుకుంటూ పోతాయి. తుపాకులు లేని వాల్ట్‌కి అదొక్కటే చాలు. అదే 60 దగ్గర న్యూక్లియర్ రియాక్టర్ (ఇంకా పెద్ద కరెంటు గది) తెరుచుకుంటుంది, అంటే ఆశా భయం రెండూ ఒకే గుమ్మంలో ఉన్నాయన్నమాట. నేను మూడో వాల్ట్‌లో 58 దగ్గర ఇంచుమించు మూడు వారాలు కదలకుండా కూర్చున్నాను. ఆ మూడు వారాలూ చేసింది ఒకటే, ఐదారుగురిని బయటికి పంపి తుపాకులు తెప్పించడం, రియాక్టర్‌కి క్యాప్స్ దాచడం. పై రెండు అంతస్తుల్లో ఉన్న ప్రతివాడి చేతిలో తుపాకీ ఉందని ఖాయం చేసుకున్నాకే 60 దాటాను. మొదటిసారి డెత్‌క్లాలు వచ్చినప్పుడు ఒక్కడూ చావలేదు, చేతులు మాత్రం వణికాయి (నావి).

బయటికి పంపేవాళ్లు జనాభా లెక్కలోనే ఉంటారు, కానీ వాల్ట్ లోపల వాళ్లు లేని లోటు ఉంటుంది, అది గుర్తుంచుకోండి. స్టిమ్‌ప్యాక్‌లూ (దెబ్బలకి మందు) ర్యాడ్‌అవేలూ (రేడియేషన్‌కి మందు) ఒక్కొక్కరికి 25 దాకా ఇవ్వచ్చు. తిరిగి రావడానికి వెళ్లిన సమయంలో సగమే పడుతుంది, పైగా వచ్చేటప్పుడు చావరు. మీరు ఇప్పుడు 27 మందిలో ఒకరిద్దరినైనా పంపుతున్నారా? మీరు ఆ సంగతే రాయలేదు. పంపకపోతే తుపాకులు ఎక్కడి నుంచి వస్తాయి?

60 తర్వాత దారి సులువే. 70కి గార్డెన్, 80కి వాటర్ ప్యూరిఫికేషన్, 100కి న్యూకా కోలా బాట్లర్, ఇది తిండీ నీళ్లూ రెండూ ఇస్తుంది, ఎండ్యూరెన్స్ ఉన్నవాళ్లు కావాలి. అక్కడి నుంచి 200 దాకా ఓపిక తప్ప ఇంకేం అక్కర్లేదు, నిజం చెప్పాలంటే కొంచెం బోర్ కూడా.

ఇంకో పొరపాటు, దీన్ని తెలివైనవాళ్లే ఎక్కువ చేస్తారు: క్యాప్స్ ఉన్నాయి కదా అని గదులన్నీ అప్‌గ్రేడ్ చేసేయడం. గది లెవెల్, వెడల్పు పెరిగితే అందులో వచ్చే మంటలూ పురుగులూ కూడా అంతే బలంగా వస్తాయి. లెవెల్ 1 జనాన్ని లెవెల్ 3 గదిలో కూర్చోబెడితే చిన్న నిప్పు కూడా ఇద్దర్ని తినేస్తుంది. ముందు మనుషుల లెవెల్ పెరగనివ్వండి. మీ జనరేటర్‌ని వెడల్పు చేయమన్నాను కానీ వెంటనే లెవెల్ 3 చేయమనలేదు, ఒక మెట్టు ఎక్కితే చాలు. గది పని వెంటనే అయిపోయేలా చేసే రష్ బటన్ కూడా అంతే, అది ఫెయిలయ్యే శాతం 30 దాటితే నేను వేలు పెట్టను. కరెంటు తక్కువగా ఉన్నప్పుడే కంగారులో రష్ నొక్కుతాం, అది ఫెయిలై గదిలో మంట లేస్తుంది, ఉన్న కరెంటూ పోతుంది.

నా రోజువారీ పద్ధతి, మీకు నచ్చితే పాటించండి. రాత్రి భోజనాలయ్యాక మూడు నాలుగు జంటల్ని వేస్తాను, లోపలికెళ్లి బయటికి రాగానే వాళ్లని పనిగదుల్లోకి పంపేసి యాప్ మూసేస్తాను. మూసినా ఆ 3 గంటల లెక్క నడుస్తూనే ఉంటుంది, మూసి ఉన్నప్పుడు దాడులు కూడా రావు. పొద్దున్నే కాఫీ తాగుతూ డెలివరీలు నొక్కుతాను. మళ్లీ మూసేస్తాను. మధ్యాహ్నం క్యారేజీ విప్పే వేళకి వాళ్లు పెద్దవాళ్లయి ఉంటారు, అంకెలు చూసి గదుల్లో వేస్తాను. గేమ్ తెరిచి ఉంచి పిల్లలు పెరిగేదాకా చూస్తూ కూర్చుంటే ఆ మూడు గంటలూ దాడులకి తలుపు తీసి ఉంచినట్టే. ఇది మోసమా అని ఒకాయన నన్ను అడిగాడు. నాకైతే అలా అనిపించలేదు, నిద్ర మనకీ కావాలి.

లంచ్‌బాక్సుల సంగతి. కొనకండి. ఆబ్జెక్టివ్స్‌లోనే (గేమ్ ఇచ్చే చిన్న చిన్న పనులు) అప్పుడప్పుడు ఉచితంగా వస్తాయి, ఇన్ని డెలివరీలు చేయించు లాంటివి కూడా అందులో ఉంటాయి. అలాంటిది లిస్టులో కనబడ్డాకే బ్యాచ్‌ని వేస్తే, ఎలాగూ పుట్టే పిల్లలకే బహుమతీ వస్తుంది. బాక్సులో లెజెండరీ డ్వెల్లర్ ఒకడు వస్తే సంబరమే, కాదనను. కానీ ఒక్క మనిషి వచ్చినంత మాత్రాన మీ నీళ్ల గది వెలగదు. పెంపుడు జంతువుల్లో కవలలు పుట్టే అవకాశం పెంచేవి ఉంటాయి, అలాంటిది వస్తే మాత్రం గర్భం రాకముందే జంటలో ఒకరికి ఇచ్చి చూడండి, నాకు రెండుసార్లు కవలలు వచ్చారు.

సర్వైవల్ మోడ్‌లో ఆడదామనుకుంటున్నాను అని చివర్లో అన్నారు. ఇప్పుడే వద్దు. అక్కడ చచ్చినవాణ్ణి క్యాప్స్ పెట్టి బతికించలేం, పోతే పోయినట్టే. డెత్‌క్లాలు కూడా 60 దాకా ఆగవు, 35 దాటితే వచ్చేస్తాయి. నా నాలుగో వాల్ట్ అదే, ఇప్పటికి 33 మంది, రెండు నెలలుగా. 34వ పిల్ల పుట్టడానికి సిద్ధంగా ఉంది, తల్లి పసుపు స్వెటర్‌లో జనరేటర్ దగ్గర పని చేసుకుంటోంది, నేనింకా లివింగ్ క్వార్టర్స్ పెంచలేదు.

మీరు ముందు ఆ 27 మందిలో బలం 3 పైన ఎంతమందికి ఉందో, ఎన్ని తుపాకులు ఉన్నాయో, గదులు ఏ అంతస్తులో ఏవి ఉన్నాయో రాయండి. ఏది పడగొట్టాలో అప్పుడు చెప్తాను.